మీరు అడిగారు: ఉద్యోగం మానేసి డాక్యుమెంటరీలు తీయొచ్చా?

ప్రశ్న: మేడమ్, నాకు 27 ఏళ్లు. గచ్చిబౌలిలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. చాదర్‌ఘాట్ దగ్గర మూసీ ఒడ్డున ఇళ్లు పోయిన కుటుంబాల మీద డాక్యుమెంటరీ తీయాలని ఉంది. ఉద్యోగం మానేస్తానంటే ఇంట్లో ఒకటే గొడవ. ఈ పనిలో బతుకుదెరువు ఉంటుందా?
(ఒక పాఠకుడు, ఉప్పల్)

జవాబు: మానకండి. పదహారేళ్లుగా ఇదే పనిలో ఉన్నాను. ఒక్క నెల కూడా డాక్యుమెంటరీ డబ్బుతో ఇంటి అద్దె కట్టలేదు. పెళ్లి వీడియోల ఎడిటింగ్, కోచింగ్ సెంటర్ల ప్రకటనలు, స్వచ్ఛంద సంస్థలకు చిన్న చిన్న ఫిల్ములు, వీటితోనే ఇల్లు నడిచింది. మీ జీతమే మీ సినిమాకు నిర్మాత. శని, ఆదివారాలు చాదర్‌ఘాట్ వెళ్లండి. మొదట్లో కెమెరా ఇంట్లోనే పెట్టి వెళ్లండి. 1997లో ముంబై రమాబాయి కాలనీలో పోలీసు కాల్పులు జరిగాక డాక్యుమెంటరీ దర్శకుడు ఆనంద్ పట్వర్ధన్ మొదలుపెట్టిన 'జై భీమ్ కామ్రేడ్' పూర్తయ్యేసరికి 14 ఏళ్లు పట్టింది. మీకు నాలుగేళ్లు పడితే కంగారు పడకండి.

డబ్బు కన్నా పెద్ద టెన్షన్ ఇంకొకటి ఉంది. లాడ్‌బజార్‌కు వచ్చే లక్క గాజులు తయారుచేసే ఆడవాళ్ల మీద ఒక సినిమా తీశాను. పాతబస్తీలో ఒక ఇరుకు గది, మధ్యలో బొగ్గుల కుంపటి. లక్క మెత్తబడగానే గాజుగా చుట్టి, చల్లారేలోపు రాళ్లు ఒక్కొక్కటే అద్దాలి. ఫ్యాన్ గాలికి బూడిద లేస్తుందని మే నెలలోనూ వేసేవాళ్లు కాదు. నేను గంట కూర్చోలేకపోయేదాన్ని. వాళ్లు పొద్దున్నే కూర్చుంటే పొద్దుగుంకాక చేసే మగ్రిబ్ నమాజు దాకా లేచేవాళ్లు కాదు. వాళ్లలో ఒకావిడ బొటనవేలి కొసన చర్మం నున్నగా మెరిసేది. కాలీ కాలీ ముద్ర కూడా పడదట. రేషన్ షాపులో మిషన్ ఆ వేలిని తీసుకోదని చెప్పింది.

ఎడిటింగ్ పూర్తి కాకముందే ఆ గల్లీలోనే గోడకు దుప్పటి కట్టి సినిమా చూపించాను. అయిపోయాక ఆవిడ ఉర్దూలో అడిగింది: "బాజీ (అక్కా), దీంతో మా కూలి పెరుగుతుందా?" తెలియదన్నాను. 2024లో హైదరాబాద్ లక్క గాజులకు జీఐ ట్యాగ్ (భౌగోళిక గుర్తింపు) వచ్చినప్పుడు ఫోన్ చేసి మళ్లీ అదే అడిగింది. మళ్లీ అదే చెప్పాల్సి వచ్చింది.

గల్లీలో సినిమా చూపించిన రాత్రే ఇంకో మాట కూడా చెవిలో చెప్పింది. కూతురు నిద్ర కళ్లతో రాళ్లు అద్దే షాట్ ఒకటి ఉంది, 22 సెకన్లు. పిల్లకు సంబంధం కుదురుతోంది, కూలి పని చేస్తుందని మగపెళ్లివాళ్లకు తెలియకూడదంది. సినిమా మొత్తంలో అంత మంచి షాట్ లేదు. తీసేశాను. మీరు మూసీ ఒడ్డున తీసినదాన్ని కూడా ముందు ఆ కుటుంబాలకే చూపించండి. వాళ్లు వద్దన్నది తీసేసే ధైర్యం ఉంటేనే మొదలుపెట్టండి.

ప్రశ్న: నాకు ఫిల్మ్ స్కూల్ చదువు లేదు. మంచి కెమెరా కూడా లేదు. ఎలా?
(ఒక పాఠకురాలు, జహీరాబాద్)

జవాబు: మీ పక్కనే ఉన్న పస్తాపూర్ వెళ్లండి. బడి మొహం చూడని దళిత మహిళలు అక్కడ కెమెరా పట్టి తమ పొలాల గురించి, విత్తనాల గురించి తామే ఫిల్ములు తీశారు. మీకు ఫోన్ చాలు. డబ్బుంటే ముందు మైక్ కొనండి. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు, మాట వినపడకపోతే లేచి వెళ్లిపోతారు.

ప్రశ్న: డాక్యుమెంటరీకి సెన్సార్ తప్పదా?
(ఒక విద్యార్థి, ఉస్మానియా యూనివర్సిటీ)

జవాబు: బహిరంగంగా ప్రదర్శించాలంటే 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం సర్టిఫికెట్ కావాలి. దర్శకుడు కె.ఎ. అబ్బాస్ తన డాక్యుమెంటరీ కోసమే సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. ముందస్తు సెన్సార్ చెల్లుతుందని 1970లో తీర్పు వచ్చింది. ఆ తీర్పు చదివినప్పుడల్లా నాకు బాధే.

ప్రశ్న: బాజీ, మీ గాజుల సినిమాలో పచ్చ దుపట్టా కట్టుకున్నావిడ మా అమ్మ. పోయిన రంజాన్‌కు ముందు చనిపోయింది. ఆమె మాట మళ్లీ వినాలని ఉంది.
(ఒక పాఠకురాలు, పాతబస్తీ)

జవాబు: సినిమాలో అమ్మ మూడు నిమిషాలే ఉంది. నా దగ్గర హార్డ్ డిస్క్‌లో ఇంకో నలభై నిమిషాలు ఉంది. అందులో మీ గురించి కూడా మాట్లాడింది. మీ నంబర్ పత్రిక ఆఫీసులో ఇవ్వండి. పెన్ డ్రైవ్‌లో వేసి నేనే ఇంటికి తెస్తాను.