హెచ్‌ఏఎల్, డీఆర్‌డీఓ రెండూ వైమానిక దళానివేనా?

కావండీ. బెంగళూరులో రోజూ ఆ సంస్థల గోడల పక్కనుంచే బస్సులో వెళ్తుంటానని రాశారు కాబట్టి, తలపైన ఎగిరే తేజస్ యుద్ధ విమానాన్నే తీసుకుందాం.

రక్షణ మంత్రిత్వ శాఖలో ఐదు విభాగాలున్నాయి. తేజస్‌కి రూపకల్పన చేసిన ఏడీఏ (ఏరోనాటికల్ డెవలప్‌మెంట్ ఏజెన్సీ), రక్షణ పరిశోధన సంస్థ డీఆర్‌డీఓ ల్యాబుల్లాగే, పరిశోధన విభాగం కిందకి వస్తుంది. విమానాన్ని తయారుచేసే హెచ్‌ఏఎల్ 1940లో ఇక్కడే పుట్టింది; అది రక్షణ ఉత్పత్తి విభాగం కింది ప్రభుత్వ రంగ సంస్థ. నడిపే వైమానిక దళం మాత్రం సైనిక వ్యవహారాల విభాగం పరిధిలోది. ఈ విభాగం అన్నిటికంటే కొత్తది. దీని కార్యదర్శి ఐఏఎస్ అధికారి కాదు, యూనిఫాంలో ఉండే సీడీఎస్ (చీఫ్ ఆఫ్ డిఫెన్స్ స్టాఫ్). 2020 జనవరి 1న జనరల్ బిపిన్ రావత్ ఆ పదవిలో మొదటివారయ్యారు. మంత్రిత్వ శాఖ లోపలే సైన్యానికి కుర్చీ దొరకడం నా దృష్టిలో చాలా పెద్ద మార్పు.

రక్షణ విధానం, బడ్జెట్, కోస్ట్ గార్డ్ వంటివి రక్షణ విభాగం చూస్తుంది.

ఐదోది మాజీ సైనికుల సంక్షేమం. మీ ఇంట్లో ఎవరైనా ఆర్మీలో చేసి రిటైరై ఉంటే, వారి పెన్షన్ విధానం, ఈసీహెచ్‌ఎస్ (మాజీ సైనికుల ఆరోగ్య పథకం) వైద్యం దాని కిందవే.