న్యాయ సలహా: కేరళలో జేసీబీ పట్టుకున్నారు

ప్రశ్న: మాది చిత్తూరు జిల్లా. మా జేసీబీని గంటల లెక్కన పాలక్కాడ్‌కు పంపాం. చేయించుకున్నాయన ఇంటి స్థలమేనన్నాడు. వరి పొలం పూడుస్తున్నారంటూ రెవెన్యూ వాళ్లు బండి పట్టుకున్నారు. విలువకు ఒకటిన్నర రెట్లు కట్టాలంటున్నారు. బండి విడిపించుకునే దారేది? - ఒక పాఠకుడు

జవాబు: మన దగ్గర పొలాన్ని ప్లాటుగా మార్చడమంటే రుసుము కట్టే వ్యవహారం. కేరళలో 2008 వరి పొలాల, చిత్తడి నేలల పరిరక్షణ చట్టం ప్రకారం అది నేరం. ఆరు నెలల నుంచి రెండేళ్ల దాకా జైలు, 50 వేల నుంచి లక్ష రూపాయల దాకా జరిమానా. పూడ్చడానికి వాడిన బండిని జప్తు చేసే అధికారం కలెక్టరుది.

ముందు మహజరు నకలు తీసుకోండి. మనం పంచనామా అనేది అదే. ఏ చట్టం కింద రాశారో చూడండి. జియాలజీ శాఖ పాసు లేకుండా మట్టి తోలారని గనుల చట్టం కూడా జోడిస్తే, ఆ కేసు రాజీ రుసుముతో తేలినా పొలం కేసు అలాగే ఉంటుంది. తర్వాత సర్వే నంబరు, బండి నిలిచిన చోటు చూడండి. పొలంలో బకెట్ దించి ఉందా, రోడ్డు పక్కన ఖాళీగా నిలిపి ఉందా? ఆ ఒక్క వాక్యం మీదే కేసు సగం ఆధారపడుతుంది.

అసలు వాదన భూమి స్వభావం మీద. 2008 ఆగస్టు 12న చట్టం అమల్లోకి వచ్చేనాటికి అది వరి పొలమేనా అన్నది తేలాలి. పంచాయతీ డేటా బ్యాంకులో, అంటే వరి పొలాల, చిత్తడి నేలల జాబితాలో, ఆ సర్వే నంబరుంటే మీకు కష్టం. లేకపోతే గట్టి ఆధారం. పన్ను రిజిస్టరులో ‘నిలం’ (మలయాళంలో వరి పొలం) అని ఉన్నంత మాత్రాన అంతా తేలిపోదు. పాత ఉపగ్రహ చిత్రాలతో తిరువనంతపురం రిమోట్ సెన్సింగ్ కేంద్రమిచ్చే నివేదిక ఇక్కడ పనికొస్తుంది. దాన్ని తెప్పించమని స్థలం ఆయన మీద ఒత్తిడి పెట్టండి. ఇంటికి అనుమతి ఉందంటే విస్తీర్ణం అడగండి. పంచాయతీలో 10 సెంట్లు, పట్టణంలో 5 సెంట్లే గరిష్ఠం. అంతకుమించి పూడిస్తే ఆ కాగితం మిమ్మల్ని కాపాడదు.

ఒకటిన్నర రెట్లంటే జప్తుకు బదులు కట్టుకోమని ఇచ్చే అవకాశం. నోటీసు రాగానే విలువ మీద రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పండి. చాలామంది దీన్నే వదిలేస్తారు. వాళ్లు బండి విలువ 8 లక్షలని లెక్కగడితే మీరు చెల్లించేది 12 లక్షలు. బీమా పాలసీలోని విలువ, తయారీ సంవత్సరం, గంటల మీటరు రీడింగు చూపి 6 లక్షలకు దింపగలిగితే 9 లక్షలతో పోతుంది. బండి పంపేటప్పుడు స్థలం కాగితాలు అడిగినట్టు వాట్సాప్ సందేశాలు, అద్దె ఒప్పందం ఉంటే జతచేయండి.

ఈలోగా తాత్కాలిక విడుదలకు కలెక్టరుకే దరఖాస్తు పెట్టండి. జప్తు విచారణ నడుస్తుంటే మెజిస్ట్రేటు కోర్టు చుట్టూ తిరిగితే రోజులే వృథా. కలెక్టరు తేల్చకపోతే ఎర్నాకుళంలో హైకోర్టులో రిట్ వేయండి. బండి వదలడానికి కోర్టు పూచీకత్తో బ్యాంకు గ్యారంటీయో అడగవచ్చు. స్టేషన్లలో బండ్లను ఏళ్ల తరబడి నిలపవద్దని సుప్రీంకోర్టు 2002లో సుందర్‌భాయ్ దేశాయ్ కేసులో చెప్పింది. వానల్లో నిలిచిన జేసీబీలో బ్యాటరీ చచ్చిపోతుంది, సిలిండర్ రాడ్లకు తుప్పు పట్టి హైడ్రాలిక్ సీళ్లు కారతాయి. కాబట్టి బండి స్థితి నమోదు చేయమని అడిగి, మీటరుతో సహా ఫొటోలు తీయించండి. ఫైనాన్స్ వాయిదాలు మాత్రం ఆపకండి. కలెక్టరు జప్తు ఆదేశమిస్తే జిల్లా కోర్టులో అప్పీలుంది. గడువు తక్కువ, అందిన తేదీని కవరు మీదే రాసుకోండి.

ప్రశ్న: మళ్లీ అక్కడ పనికి పంపితే ఏం చూసుకోవాలి?

జవాబు: సర్వే నంబరున్న భూమి పన్ను రసీదు, డేటా బ్యాంకు పేజీ, ఇంటి అనుమతి ఉంటే దాని నకలు, మట్టి తోలేట్టయితే జియాలజీ పాసు. ఈ నాలుగూ డ్రైవరు ఫోన్లో ఉన్నాకే బండి ఎక్కించండి.