ప్రవక్తల మీద రాయబోతున్న చెల్లెమ్మకు

ప్రియమైన చెల్లెమ్మకు,

వందనాలు. నీ ఉత్తరమూ దానితో పంపిన వ్యాసమూ అందాయి. ముందు ఒక చిన్న దిద్దుబాటు. నన్ను ‘అమ్మగారూ’ అని రాశావు. సంఘంలో ఆ పిలుపు పాస్టరమ్మగారిది. నేను బడిపంతులుగా రిటైరై, మాసపత్రికలకు బైబిలు వ్యాసాలు రాసుకునే మనిషిని. అక్కా అంటే చాలు.

వ్యాసం రెండుసార్లు చదివాను. భాష శుభ్రంగా ఉంది. యిర్మీయా ప్రవక్త గ్రంథం 29:11 తీసుకుని, డిగ్రీ చేతికొచ్చి ఉద్యోగం దొరక్క టెన్షన్ పడుతున్న పిల్లలకు ధైర్యం చెప్పావు. డిసెంబరు 31 రాత్రి ఆరాధనలో, కొత్త ఏడాదికి వాగ్దానంగా ఒక వచనం రాసి ఉన్న కార్డు తీసేటప్పుడు ఆ వచనం రావాలని కోరుకునేవాళ్లు ఎంతమందో. మా హాల్లో క్యాలెండరు మీదా అదే ఉంది: “సమాధానకరమైన ఉద్దేశములేగాని హానికరమైనవి కావు.” ఆ మాట పట్టుకుని ఆస్పత్రి వరండాలో రాత్రంతా కూర్చున్నవాళ్లను నేను చూశాను. వాళ్ల దగ్గర్నుంచి దాన్ని లాక్కోమని చెప్పను. నా గొడవ వేరే. నీ వ్యాసంలో ఆ మాట ఉంది కానీ, దాన్ని మొదట విన్నవాళ్లు ఒక్కరూ లేరు.

ఎవరు వాళ్లు? క్రీ.పూ. 597లో బబులోను రాజు నెబుకద్నెజరు యూదా రాజధాని యెరూషలేమును లొంగదీసుకుని రాజునూ రాజమాతనూ అధికారులనూ పనితనం తెలిసిన కమ్మరులనూ బబులోనుకు తరలించాడు. అప్పటికి మందిరం ఇంకా నిలబడే ఉంది. అది కాలిపోయింది తర్వాత, 586లో. అందుకే తరలిపోయినవాళ్లకు ఆశ చావలేదు. ఇవాళో రేపో ఇంటికి వెళ్లిపోతామని మూట విప్పకుండా కూర్చున్నవాళ్లలా ఉండి ఉంటారు. వాళ్లకు యిర్మీయా పంపిన ఉత్తరమే 29వ అధ్యాయం. ఇళ్లు కట్టుకోండి, తోటలు వేసుకోండి, పిల్లలకు పెళ్లిళ్లు చేయండి, మిమ్మల్ని చెరపట్టిన ఆ పట్టణం బాగు కోసమే ప్రార్థించండి అని రాశాడు. పదో వచనంలో గడువు చెప్పాడు, డెబ్బై ఏళ్లు. నువ్వు ఎత్తి రాసిన పదకొండో వచనం దాని వెనకే వస్తుంది.

ముప్పై ఏళ్ల మనిషి ఆ ఉత్తరం వింటున్నాడనుకో. వేళ్ల మీద లెక్కపెట్టుకుంటాడు. తను తిరిగి వెళ్లడు. మనవడు వెళ్తే వెళ్తాడు. ఆ వచనంలో ‘మీకు’ అన్నది ఒక్క మనిషికి కాదు, ఒక జనానికి. మన తెలుగులో గౌరవానికీ ‘మీరు’ అంటాం కాబట్టి కార్డు మీద చదివినప్పుడు మనల్నే మర్యాదగా పలకరించినట్టు వినిపిస్తుంది. కానీ మన పాత బైబిలులో దేవుడు ఒక్కరితో మాట్లాడితే ‘నీవు’ అనే అంటాడు గదా.

బబులోను దేశంలో దొరికిన మట్టి పలకల్లో కొన్ని ‘ఆల్ యాహూదు’ అనే ఊరివి. ఆ పేరుకు యూదా ఊరు అని అర్థం. అన్నిటికంటే పాతది క్రీ.పూ. 572 నాటిది. వాటిలో కనిపించే యూదా పేర్ల మనుషులు పొలాలు చేసుకుంటూ, పన్నులు కడుతూ, అప్పులు రాయించుకుంటూ ఉన్నారు. యిర్మీయా ఉత్తరాన్ని ఎవరో నిజంగానే పాటించారా అనిపిస్తుంది నాకు. పలకలు ఆ మాట చెప్పవు. అది నా ఊహ, అంతవరకే.

ఇప్పుడు ఒక అధ్యాయం వెనక్కి వెళ్లు. 28వ అధ్యాయంలో హనన్యా ఉన్నాడు. మందిరంలో, యాజకుల ముందు, జనం ముందు నిలబడి రెండేళ్లలో అంతా సర్దుకుంటుందని చెప్పాడు. బబులోను కాడి విరిగిపోతుంది, తీసుకుపోయిన పాత్రలు తిరిగొస్తాయి, రాజు తిరిగొస్తాడు అన్నాడు. చెప్పే తీరు చూడు: “యెహోవా సెలవిచ్చునదేమనగా” అనే మొదలుపెట్టాడు, అచ్చం యిర్మీయాలాగే. మన ఊళ్లలో దండోరా వేసేవాడు “యావన్మందికీ తెలియజేయునది ఏమనగా” అంటే అది అతని సొంత మాట కాదని అందరికీ అర్థమయ్యేది. ఇదీ అలాంటి కబురు పద్ధతే. యెషయా 36లో అష్షూరు సేనాని కూడా తన రాజు తరఫున ఇదే మూసలో మాట్లాడతాడు. మూస చూసి కబురు అసలుదో నకిలీదో తేల్చలేం.

ఇంకో సంగతి నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. గ్రీకులోకి తర్జుమా చేసినవాళ్లు ఆ అధ్యాయం మొదట్లోనే హనన్యా పేరు పక్కన ‘అబద్ధ ప్రవక్త’ అని రాసేశారు. మూలభాషలోని హెబ్రీ ప్రతి ఆ సాయం చేయదు. అక్కడ హనన్యా ఉత్త ‘ప్రవక్త’. అంటే ఆ రోజు మందిరంలో నిలబడ్డ మామూలు మనిషి ముందు ఇద్దరు ప్రవక్తలున్నారు, ఇద్దరిదీ ఒకే మాటతీరు, ఒకరు రెండేళ్లంటున్నారు, ఒకరు డెబ్బై అంటున్నారు. నువ్వైతే ఎవర్ని నమ్మేదానివి? నేనైతే హనన్యానే నమ్మేదాన్నేమో, పిల్లలు చిన్నవాళ్లుగా ఉన్న రోజుల్లో.

చెల్లెమ్మా, మొహమాటం లేకుండా చెప్తున్నాను. నీ వ్యాసంలో వచనం యిర్మీయాది, కబురు మాత్రం హనన్యాది. ‘ఈ ఏడాదే నీ పరిస్థితి మారుతుంది’ అని ముగించావు. యిర్మీయా ఆ మాట అనలేదు. అన్నవాడితో ఆయన గొడవపడ్డాడు.

నేనూ తక్కువ తినలేదులే. ముప్పై ఏళ్ల కిందట నహూము 2:4 మీద రాశాను. వీధుల్లో రథాలు మెరుపుల్లా పరుగెత్తుతాయన్న వచనం మన కార్ల గురించేనని, ప్రవక్త ముందే చూశాడని రాశాను. పత్రికవాళ్లు వేశారు కూడా. వారం తిరక్కుండా ఎవరో పెద్దాయన దగ్గర్నుంచి పోస్టు కార్డు వచ్చింది: “అమ్మా, నీనెవెలో పెట్రోలు లీటరు ఎంత?” అంతే, సంతకం కూడా లేదు. రెండు రోజులు అన్నం సయించలేదు. తర్వాత నహూము మూడు అధ్యాయాలూ ఒకే బిగిన చదివాను. మొదటి వచనంలోనే నీనెవె అని రాసి ఉంది. క్రీ.పూ. 612లో కూలిపోయిన అష్షూరు రాజధాని. ఆ రథాల చప్పుడు విని ఎవరికి గుండె ఆగింది, ఎవరికి ఊపిరి వచ్చింది అన్నది అసలు సంగతి. నేను దాన్ని మోటారు బండ్ల ప్రకటన చేసి పెట్టాను.

తమాషా ఏమిటంటే, మన భాషే మనకు దారి చెబుతుంది. ప్రవక్త అంటే గట్టిగా, వివరంగా చెప్పేవాడు. పురాణ ప్రవచనం అంటే జరగబోయేది చెప్పడం అని ఎవరూ అనుకోరు గదా! చర్చి గుమ్మంలోకి వచ్చేసరికి ఆ మాటకు జోస్యం వాసన పట్టింది. వాళ్లు రాబోయేవి చెప్పలేదని కాదు. చెప్పిందంతా ఎదుట నిలబడ్డవాళ్ల బతుకు గురించి. చెప్పులజోడు కోసం పేదవాణ్ణి అమ్మేస్తున్నారని ఆమోసు ప్రవక్త అరిచింది జోస్యమా?

ఆమోసు అంటే గుర్తొచ్చింది. మన బైబిలులో ఆయన తనను పసులకాపరిననీ మేడిపండ్లు ఏరుకొనేవాణ్ణనీ చెప్పుకుంటాడు. ఆ చెట్టు మన మేడి కాదు, దాని దాయాది. తర్జుమా చేసినవాళ్లు మనకు తెలిసిన దగ్గరి చెట్టు పేరు పెట్టారు, మంచి పనే చేశారు. కానీ మేడిపండు అనగానే మన చెవిలో వేమన మోగుతాడు, పొట్ట విప్పితే పురుగులు. ఉత్తరాన ఇశ్రాయేలు రాజధాని షోమ్రోను సంపన్నుల మీద ఆమోసు చెప్పినదానికి అది ఎంత బాగా అతుకుతుందో! వాళ్ల దంతపు మంచాల గురించి ఆయన అన్నాడు, ఆ పట్టణం తవ్వకాల్లో చెక్కిన దంతపు ముక్కలు వందలు దొరికాయి. పైన మెరుగు, లోపల కుళ్లు. అయినా ఆ పోలిక మనది, ఆమోసుది కాదు. వాడుకో, కానీ ‘మన వేమన అన్నట్టు’ అని నీ ఖాతాలో వాడుకో.

అలాగే తెలుగులో వినపడనివీ ఉన్నాయి. యిర్మీయా మొదటి అధ్యాయంలో బాదంచెట్టు కొమ్మ కనిపించగానే దేవుడు నా మాట నెరవేర్చడానికి మేల్కొని ఉన్నాను అంటాడు. రెండిటికీ సంబంధమేమిటని బుర్ర గోక్కుంటాం. హెబ్రీలో బాదం ‘షాకేద్’, మేల్కొని చూస్తున్నవాడు ‘షోకేద్’. ఆ దేశంలో చలికాలం చివర అన్నిటికంటే ముందు పూసే చెట్టు కూడా అదే. ఇలాంటి చోట ఆధ్యాత్మిక అర్థాలు అల్లకు. శ్లేష అని చెప్పి ముందుకు సాగు.

క్రిస్మస్ సంచికకు యెషయా 7:14 రాస్తానన్నావు. ఆ వచనాన్ని యేసు పుట్టుకకు ముడిపెట్టిన మత్తయి సువార్త దగ్గరికి పరుగెత్తే ముందు, యూదా రాజు ఆహాజు దగ్గర కాసేపు నిలబడు. క్రీ.పూ. 735 ప్రాంతంలో ఇద్దరు రాజులు కలిసి మీదికొస్తుంటే, ఆహాజు చాకిరేవు దారిలో, కోనేటి కాలువ దగ్గర ఉన్నాడు. ఆ బిడ్డకు మంచిచెడ్డలు తెలిసేలోగా ఆ ఇద్దరి దేశమూ పాడవుతుందని పదహారో వచనం. ఆ రోజు ఆహాజుకు అందిన గుర్తు అది. హెబ్రీలో ఉన్న ‘అల్మా’ యువతి అనే మాట. గ్రీకు తర్జుమాలో కన్య అయింది. మత్తయి ఆ గ్రీకు మాటతోనే యేసు పుట్టుకను చదివాడు. ఈ రెండో చదువు నా విశ్వాసం కూడా. అంతమాత్రాన మొదటిదాన్ని పాఠకుడి దగ్గర దాచకు. దాస్తే ఎవరో ఒకరు ఎప్పుడో చెబుతారు, అప్పుడు వాళ్లు నిన్నే కాదు, యెషయానూ అనుమానిస్తారు.

సరే, నీ వ్యాసం తిప్పి పంపుతున్నాను. యిర్మీయా 27 నుంచి 29 దాకా ఒకే బిగిన, పైకి చదువు. 28:11 దగ్గర ఆగు. బబులోనుకు లొంగి ఉండమనడానికి గుర్తుగా యిర్మీయా మెడమీద వేసుకున్న కాడిని హనన్యా తీసి జనం ముందు విరగ్గొట్టాడు. అంతకుముందు యిర్మీయా ‘ఆమేన్, అలాగే జరుగునుగాక’ అన్నాడు కూడా, వెటకారమో నిజంగా కోరుకున్నాడో నాకు ఇప్పటికీ తేలలేదు. కాడి విరిగాక ఆయన ఏమీ అనలేదు. తన దారిన వెళ్లిపోయాడు. ఇనుప కాడి గురించిన మాట తర్వాత వచ్చింది. ఆ మధ్యలో యిర్మీయా దగ్గర జవాబు లేదు. ఆ ఖాళీని నీ మాటలతో నింపకుండా, ఖాళీగానే ఉంచి ఆ పిల్లలకు ధైర్యం చెప్పగలవేమో చూడు.

ఈసారి పోస్టులో పంపు. ఫోన్లో చదవడానికి నా కళ్లు ఒప్పుకోవడం లేదు. మార్జిన్ కాస్త ఎక్కువ వదులు, నాకు గీతలు పెట్టే అలవాటుంది.

నీ
అక్క