ఏటిలో ఓడ ఉండకూడదా?

సందేహం: కాలువగట్టున పెరిగినవాణ్ణి. మా ఊరి పాత రేవు గురించి రాస్తూ ‘కాలువలో ఓడలు తిరిగిన రోజులు’ అన్నాను. అచ్చువేసినవారు ‘ఓడలు’ కొట్టేసి ‘పడవలు’ అని దిద్దారు. ఓడ సముద్రంలోనే ఉంటుందట. మరి ‘ఏరు దాటేదాకా ఓడమల్లయ్య, ఏరు దాటాక బోడిమల్లయ్య’ అన్న సామెత మాటేమిటి? పనిలో పనిగా, కృష్ణానదిలో తిరిగే గుండ్రటి పడవ పుట్టికీ, ధాన్యం కొలిచే పుట్టికీ చుట్టరికం ఉందా?
– ఒక పాఠకుడు, పశ్చిమ గోదావరి జిల్లా

సమాధానం: సామెత మీ పక్షానే ఉంది. మల్లయ్యను బతిమాలింది ఏరు దాటించమని గాని సముద్రం దాటించమని కాదు. సుమతీ శతకకారుడూ మీవాడే. ‘ఓడల బండ్లును వచ్చును, ఓడలు నా బండ్లమీద నొప్పుగ వచ్చున్’ అన్నాడు. బండెక్కి వచ్చే ఓడ ఎంతుంటుందో మిమ్మల్ని దిద్దినవారినే అడగండి.

ఇక త్యాగయ్య. ఆయన గేయనాటకం నౌకాచరిత్రం గోపికలు కృష్ణుడితో యమునలో విహరించిన కథ. కృతి పేరులో నౌకను పెట్టుకున్న మహానుభావుడే, సారంగ రాగం అందుకునేసరికి ‘ఓడను జరిపే ముచ్చట గనరే’ అన్నాడు. ఆ ఓడకు చిల్లి పడితే గోపికలు తమ బట్టలు కుక్కి మూయవలసివస్తుంది. అదీ దాని పరిమాణం! త్యాగయ్య కావేరి ఒడ్డువాడు, తమిళంలో ఓడం అంటే ఏటిపడవే, పెద్దదానికి కప్పల్ అనే వేరే మాట ఉంది, ఆ గాలి సోకి ఉంటుంది అని ఎవరైనా అనవచ్చు. అననివ్వండి. లక్షదీవులవారి ఓడం సముద్రం మీద సరుకు మోసిన తెరచాప ఓడ. మన పడవకు జ్ఞాతి అయిన హడగు కన్నడంలో సముద్రపు ఓడ. అంటే ఓడలోగానీ పడవలోగానీ ఇంత పొడవు, ఇంత బరువు అన్న కొలత పుట్టుకతో లేదు. తర్వాత ఒక్కొక్క భాషవారు ఒక్కొక్క విధంగా పంచుకున్నారు.

నది వేరు, సముద్రం వేరు అని గిరిగీసేవారు నరసాపురం పక్కనున్న మాధవాయపాలెం సంగతి కూడా తెలుసుకోవాలి. 17వ శతాబ్దంలో ఇంగ్లీషు వర్తకులు సముద్రం మీద నడిపే ఓడలను అక్కడ, గోదావరి పాయ ఒడ్డునే కట్టించుకున్నారు.

‘కట్టించుకున్నారు’ అన్నాను, గమనించారా? ఇల్లు కట్టినట్టే ఓడ కడతాం, పడవ కడతాం. ఇప్పుడు ఏ పత్రిక తెరిచినా ‘పడవల తయారీ’. సబ్బులు తయారవుతాయి, సిమెంటు తయారవుతుంది. పడవను కడతారయ్యా! ఆ క్రియలో ఒక చరిత్ర ఉంది. ఇనుప మేకు దిగకముందు మొద్దును మొద్దుకు, పలకను పలకకు తాడుతో కట్టే నీటిమీద వదిలారు.

మీరు అడగలేదుగాని, ఇక్కడ చెప్పక తప్పని మాట ఒకటుంది. సంగడి. తాటిచెట్టుకు చేవంతా బయటే. లోపలి మెత్తటి భాగం తొలిచేస్తే దోనె. సంస్కృత ద్రోణికి మన రూపం. అయితే అడుగు గుండ్రంగా ఉండటంవల్ల ఒంటి దోనె కాస్త ఒరిగితే చాలు, మనిషిని నీళ్లలో పడేస్తుంది. అదే రెండు దోనెలను పక్కపక్కన చేర్చి, అడ్డకర్రలు వేసి బిగిస్తే మనుషులూ ఎక్కవచ్చు, మూటలూ వేయవచ్చు. ఆ జత పేరు సంగడి. సంస్కృతంలో సంఘాటం అంటే కూర్పు, ముఖ్యంగా కొయ్యల కూర్పు. ప్రాకృతంలో సంఘాడ అంటే జంట. ఆ దారినే మనకు సంగడి వచ్చింది, దాని వెంట సంగడికాడూ సంగడీడూ వచ్చారు. స్నేహితుడని నిఘంటువు చూసి అర్థం చెప్పేవారికి, ఆ మాట పక్కనే ఒక పడవ తేలుతోందని తోచదు. నమ్మకం కలగకపోతే మలయాళం చూడండి. అక్కడ రెండు పడవల కూర్పు చంగాడం, స్నేహితుడు చంగాతి. పోర్చుగీసువాళ్లు ఆ చంగాడాన్ని జంగడ చేసి పట్టుకుపోతే, ఈనాటికీ బ్రెజిల్ తీరంలో జాలరుల తెప్పకు అదే పేరు. అంతకు చాలా ముందు, క్రీస్తుశకం 1వ శతాబ్దపు గ్రీకు నావికుల గ్రంథం పెరిప్లస్, మన తూర్పుతీరపు రేవుల దగ్గర ఒంటిమొద్దు పడవలను జతకట్టిన పెద్ద నావలను ‘సంగర’ అంది. ఇదీ మన సంగడి చుట్టమే అన్నవారి మాట నాకు సమ్మతం. స్నేహం ముందా, పడవ ముందా అని మళ్లీ ఉత్తరం రాయకండి. జంట అన్న అర్థం రెంటికన్నా ముందు.

మాట మరుగున పడిందిగాని వస్తువు పోలేదు. జంట పడవల మీద బల్లలు పరిచి బండ్లనూ గొడ్లనూ దాటించిన బల్లకట్టు సంగడికి వారసురాలే. ఆ పేరులోనూ కట్టు ఉంది చూశారా! నరసాపురం, సఖినేటిపల్లి మధ్య దాన్ని పంటు అంటారు. అది ఇంగ్లీషు సొమ్ము. పోనీ, గోదావరి నోట పడి నునుపుదేలింది, నాకు అభ్యంతరం లేదు. అభ్యంతరమల్లా దోనెనూ, సంగడినీ, పలకల పడవనూ ఒకే గాటకట్టి ‘నాటుపడవ’ అనే విలేకరుల మీద. నాటు ఏమిటి? అవి కట్టినవాడి పనితనం ముందు ఆ మాటే నాటు!

ఇంతకీ మీ వాక్యం. ధవళేశ్వరం ఆనకట్ట 1847లో మొదలై 1852కు పూర్తయ్యాక కాలువలు నీటిబాటలయ్యాయి. లాకులు దాటుకుంటూ, ఏలూరు కాలువలో బెజవాడకు, అక్కణ్ణుంచి కొమ్మమూరు, బకింగ్‌హాం కాలువల మీదుగా మద్రాసుకు సరుకు సాగింది. గాలి ఉంటే తెరచాప, లేకపోతే గట్టుమీద నడుస్తూ మనుషులు తాడు పట్టి లాగడం. వాటిని జనం పడవలనే అన్నారని నా అభిప్రాయం. కనుక దిద్దినవారు చేసింది అపచారం కాదు. చెప్పిన కారణం మాత్రం తప్పు. మీ పెద్దలు ఓడ అని ఉంటే ఓడ అనే ఉంచండి. వార్తల్లో అయితే పడవ అనడమే క్షేమం.

పుట్టి: పుట్టిక అంటే బుట్ట, ఆ కుటుంబపు మాటే. 1520 ప్రాంతంలో విజయనగరం చూసిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్, బుట్టల్లా గుండ్రంగా, లోపల బెత్తం, పైన తోలుతో ఉన్న పడవల్లో పదిహేను ఇరవైమంది దాటేవారనీ, అవి తిన్నగా పోలేక గిర్రున తిరిగేవనీ రాశాడు. ఇరవై తూముల పుట్టి కూడా మొదట ఒక గంపే అయి ఉండవచ్చు.