మందుల వల్ల తెల్లకణాలు పడిపోతే: పాఠకుల ప్రశ్నలు, వైద్యుని సమాధానాలు

ప్రశ్న: మా ఆడపడుచుకు థైరాయిడ్ గ్రంథి ఎక్కువగా పనిచేస్తోందని కార్బిమజోల్ మాత్రలు మొదలుపెట్టారు. రెండో నెలలో చలితో జ్వరం, గుటక వేయలేనంత గొంతునొప్పి వచ్చాయి. ఊళ్లో ఆర్‌ఎంపీ గారు మూడు రోజులు మందులు ఇచ్చారు. మలేరియా, డెంగీ, టైఫాయిడ్ పరీక్షల్లో ఏమీ లేదన్నారు. చివరికి విశాఖపట్నం తీసుకువెళితే, తెల్లకణాలు 1,400కి పడిపోయాయని, దానికి థైరాయిడ్ మాత్రే కారణమని చెప్పి పది రోజులకు పైగా ఆసుపత్రిలో ఉంచారు. ఇప్పుడు కోలుకుంది. మెడ దగ్గరి గ్రంథికి ఇచ్చిన మందు రక్తాన్ని ఎలా పాడుచేసింది? అదే మాత్రను తక్కువ మోతాదులో మళ్లీ వాడవచ్చా?
– ఒక పాఠకురాలు, రాజాం

సమాధానం: వాడకూడదమ్మా. తక్కువ మోతాదులో కూడా, మరెప్పుడూ వాడకూడదు. అదే కుటుంబానికి చెందిన మెథిమజోల్‌ను గానీ, ప్రొపైల్‌థయోయురాసిల్‌ను గానీ బదులుగా ఇవ్వడం కూడా క్షేమం కాదు; ఒకదానితో ఈ ప్రమాదం జరిగినవారికి రెండోదానితో కూడా జరగవచ్చు. మీ ఆడపడుచు గారికి ఇక మిగిలిన దారులు రేడియో అయోడిన్ చికిత్స లేదా శస్త్రచికిత్స. ఈ రెండింటిలో ఏది తగినదో హార్మోన్ల జబ్బులు చూసే ఎండోక్రైనాలజీ వైద్యులు ఆమె వయస్సును, గ్రంథి పరిమాణాన్ని, కళ్ల పరిస్థితిని చూసి నిర్ణయిస్తారు. గర్భవతిగా ఉన్నా, పాలిస్తున్నా రేడియో అయోడిన్ ఇవ్వరు కనుక ఆ సంగతి ముందే చెప్పండి. ఆ చికిత్స జరిగేలోపు గుండెదడను, వణుకును ప్రొప్రనలాల్ వంటి మందులతో అదుపులో ఉంచవచ్చు.

ఇక మీ మొదటి ప్రశ్న. మన తెల్లకణాలలో సూక్ష్మక్రిములను ముందుగా ఎదుర్కొనేవి న్యూట్రోఫిల్స్. ఎర్రకణం దాదాపు 120 రోజులు బతుకుతుంది. న్యూట్రోఫిల్ మాత్రం రక్తంలోకి వచ్చాక చాలా స్వల్పకాలమే తిరుగుతుంది, అందువల్ల ఎముకల్లోని మూలుగ వాటిని రాత్రింబగళ్లు తయారుచేస్తూనే ఉండాలి. కొందరి శరీరంలో రక్షణ వ్యవస్థ ఈ మందు అంటుకున్న న్యూట్రోఫిల్స్‌ను, వాటికి పుట్టుక ఇచ్చే మూలుగ కణాలను పరాయివిగా భావించి నాశనం చేస్తుంది. తయారీ ఆగిన కొద్ది రోజులకే రక్తంలో నిల్వ ఖాళీ అవుతుంది, మిగతా కణాలు మాత్రం మామూలుగానే కనిపిస్తాయి. ఈ స్థితిని వైద్యంలో అగ్రాన్యులోసైటోసిస్ అంటారు. జర్మనీలో వెర్నర్ షుల్ట్స్ అనే వైద్యుడు 1922లో దీనిని వర్ణించారు. అప్పటికి కారణం తెలియలేదు. ఆనాడు నొప్పులకు విరివిగా వాడిన అమిడోపైరిన్ అనే మందే చాలా కేసులకు మూలమని 1930లలో తేలింది.

కార్బిమజోల్ వాడేవారిలో ఇది సుమారు వెయ్యిమందిలో ఇద్దరి నుంచి ఐదుగురికి వస్తుంది, అది కూడా ఎక్కువగా మొదటి మూడు నెలల్లోనే. అంటే తొమ్మిది వందల తొంభై మందికి పైగా ఈ మాత్రతో నిశ్చింతగా బాగుపడుతున్నారు. కనుక ఈ సమాధానం చదివి ఎవరూ భయంతో మాత్ర మానేయవద్దు. అయితే మాత్ర రాసే వైద్యుడు, అమ్మే మందుల షాపువారు, ఇంట్లో వేసేవారు ముగ్గురికీ తెలిసి ఉండవలసిన ఒక మాట ఉంది. ఈ మందు వాడుతుండగా జ్వరమో, గొంతునొప్పో, నోటిపూతో వస్తే ఆ పూట నుంచే మాత్ర ఆపి, అదే రోజు రక్తపరీక్ష చేయించాలి. పరీక్షలో న్యూట్రోఫిల్స్ బాగున్నాయని తేలితే, వైద్యుని సలహాతో మళ్లీ మొదలుపెట్టవచ్చు. ఒకటి రెండు రోజులు థైరాయిడ్ మాత్ర లేకపోయినా వచ్చే నష్టం ఇంచుమించు ఉండదు. న్యూట్రోఫిల్స్ లేని మనిషికి ఒకటి రెండు రోజుల ఆలస్యం ప్రాణాంతకం కావచ్చు.

నెలనెలా రక్తపరీక్ష చేయిస్తే సరిపోదా అని అడిగేవారున్నారు. మందు మొదలుపెట్టే ముందు ఒక పరీక్ష ఉండాలి, ఎందుకంటే థైరాయిడ్ వ్యాధి వల్లనే కొందరిలో తెల్లకణాలు స్వల్పంగా తగ్గి ఉంటాయి. కానీ ఆ తరువాత ఈ పతనం ఒక్కసారిగా వస్తుంది. గత వారం రిపోర్టు బాగుందన్న ధైర్యంతో ఈ వారం జ్వరాన్ని తేలికగా తీసుకోకూడదు.

మన ప్రాంతంలో వానాకాలం వస్తే జ్వరమంటే డెంగీ లేక మలేరియా అనుకోవడం సహజం. ల్యాబ్ రిపోర్టు చేతికి రాగానే అందరి చూపూ ప్లేట్‌లెట్ల మీదికే పోతుంది. రిపోర్టులో దానికి పైన ఉండే తెల్లకణాల లెక్కను, దాని కింద శాతాలుగా విడదీసి ఇచ్చే డిఫరెన్షియల్ కౌంట్‌ను కూడా చదవమని నా విన్నపం. మొత్తం తెల్లకణాలను న్యూట్రోఫిల్స్ శాతంతో గుణించి వందతో భాగిస్తే అసలు లెక్క తేలుతుంది. మొత్తం 2,400 ఉండి అందులో న్యూట్రోఫిల్స్ 10 శాతమే అయితే, ఉన్నవి 240 మాత్రమే. ఆ లెక్క 1,500కు పైన ఉండడం మామూలు. 500 కంటే తగ్గితే అది అత్యవసర పరిస్థితి. డెంగీలో కూడా తెల్లకణాలు తగ్గుతాయి కాబట్టి, రోగి ఏ మాత్రలు వాడుతున్నారో చెప్పకపోతే ఈ రెండింటికీ తేడా తెలుసుకోవడం వైద్యునికి కష్టమవుతుంది. గొంతులో చీము కనిపించలేదని ధైర్యపడడానికి కూడా వీలులేదు, చీము పట్టడానికి కావలసిన కణాలే అక్కడ ఉండవు. పారాసెటమాల్ వేసి జ్వరం దించితే థర్మామీటరు దిగుతుందే తప్ప లోపలి ఇన్‌ఫెక్షన్ తగ్గదు.

ఆసుపత్రిలో మీ ఆడపడుచు గారికి జరిగిన చికిత్స సరైనదే. మందు ఆపి, బలమైన యాంటీబయోటిక్స్ నరం ద్వారా ఇస్తారు. మూలుగను ప్రేరేపించే ఫిల్‌గ్రాస్టిమ్ ఇంజెక్షన్లు కూడా అవసరాన్ని బట్టి ఇస్తారు. సాధారణంగా ఒకటి నుంచి మూడు వారాలలో కణాలు తిరిగి వస్తాయి. డిశ్చార్జి కాగితం మీద కార్బిమజోల్ పేరును ఎర్ర సిరాతో రాయించి, దాని జిరాక్సు ఆమె ఆధార్ కార్డుతో పాటు పర్సులో ఉంచండి. ఫోనులో ఫొటో కూడా ఉంచండి.

ప్రశ్న: మా అమ్మకు కీళ్లవాతానికి ఆదివారం ఆదివారం మెథోట్రెక్సేట్ మాత్రలు వేస్తున్నాము. నెల క్రితం కిడ్నీ పరీక్షలో క్రియాటినిన్ ఎక్కువగా, 2.1 వచ్చింది. తరువాత మూత్రంలో ఇన్‌ఫెక్షన్ అని సల్ఫా మాత్రలు ఇచ్చారు. రెండు రోజులుగా నోరంతా పూసి, అన్నం తినలేకపోతోంది. ఇది వేడి చేయడమేనా?
– ఒక పాఠకుడు, కవిటి

సమాధానం: మీ ఉత్తరం చేరిన రోజునే పత్రిక కార్యాలయం నుంచి మీకు ఫోను చేయించాను, ఎందుకంటే దీనికి సంచిక అచ్చయ్యేదాకా ఆగే వ్యవధి లేదు. ఇప్పుడు రాస్తున్నది ఇదే స్థితిలో ఉండగల మిగతా కుటుంబాల కోసం.

అది వేడి చేయడం కాదు. మెథోట్రెక్సేట్ శరీరం నుంచి బయటికి పోయేది ప్రధానంగా కిడ్నీల ద్వారానే. కిడ్నీలు దెబ్బతిన్నవారిలో వారానికి ఒక్కసారి వేసే చిన్న మోతాదు కూడా పేరుకుపోయి మూలుగను అణచివేస్తుంది. తెల్లకణాలు, ప్లేట్‌లెట్లు, ఎర్రకణాలు మూడూ పడిపోతాయి. నోటిపూత దానికి తొలి సంకేతం. దానికి తోడు, సల్ఫా మాత్రలని మనం పిలిచే కోట్రైమాక్సజోల్‌ను మెథోట్రెక్సేట్‌తో కలిపి వాడకూడదు. ఈ రెండూ ఫోలిక్ ఆమ్లం పనిని అడ్డుకుంటాయి, పైగా కోట్రైమాక్సజోల్ మెథోట్రెక్సేట్ బయటికి పోవడాన్ని కూడా తగ్గిస్తుంది. డైక్లోఫెనాక్ వంటి నొప్పి ఇంజెక్షన్లు కిడ్నీలను మరింత నలిపి ఇదే నష్టాన్ని పెంచుతాయి. ఇలాంటి వేళ రెండు మాత్రలూ ఆపి, ఆలస్యం చేయకుండా పెద్ద ఆసుపత్రికి వెళ్లాలి. అక్కడ ఫోలినిక్ యాసిడ్ అనే విరుగుడు ఇస్తారు. రోజూ వేసుకునే ఫోలిక్ యాసిడ్ మాత్ర దానికి బదులు కాదు.

కిడ్నీ వ్యాధి ఎక్కువగా ఉన్న శ్రీకాకుళం జిల్లా ఉద్దానం ప్రాంతం గురించి ఈ విషయంలో నాకు ప్రత్యేకమైన ఆందోళన ఉంది. కవిటి, సోంపేట, కంచిలి, ఇచ్ఛాపురం, మందస, వజ్రపుకొత్తూరు, పలాస మండలాలలో కిడ్నీ వ్యాధి బాగా ముదిరేదాకా బయటపడదు. కాళ్లు వాయవు, మూత్రం తగ్గదు, మనిషి కొబ్బరితోటలో పని చేసుకుంటూనే ఉంటాడు. అందుచేత ఆ ప్రాంతం వారికి ఎవరు మెథోట్రెక్సేట్ రాసినా ముందు క్రియాటినిన్, దాని ఆధారంగా లెక్కగట్టే ఈజీఎఫ్ఆర్ (కిడ్నీలు ఎంత బాగా వడపోస్తున్నాయో చెప్పే అంకె) చూసి తీరాలి, ఆ తరువాత కూడా క్రమం తప్పకుండా చూస్తుండాలి. ఈజీఎఫ్ఆర్ 30 కంటే తగ్గినవారికి ఈ మందు వద్దు. 30కి, 60కి మధ్య ఉన్నవారికి మోతాదు తగ్గించి, మరింత తరచుగా రక్తపరీక్షలు చేయాలి. వైద్యులు అడగకపోతే మీరే "మాది ఉద్దానం, కిడ్నీ పరీక్ష చూసి రాయండి" అని అడగండి. అలా అడగడంలో అమర్యాద ఏమీ లేదు.

మరొక సంగతి. వారానికి ఒకసారి వేయవలసిన ఈ మాత్రను పొరపాటున రోజూ వేసుకుని ప్రాణాలు పోగొట్టుకున్నవారు అనేక దేశాలలో ఉన్నారు. దీనితో పాటు ఇచ్చే ఫోలిక్ యాసిడ్ కూడా చాలాసార్లు చిన్న పసుపు మాత్రగానే దొరుకుతుంది కనుక రెండూ తారుమారయ్యే వీలుంది. రెండింటినీ వేర్వేరు డబ్బాలలో ఉంచి, మెథోట్రెక్సేట్ డబ్బా మీద "ఆదివారం మాత్రమే" అని పెద్ద అక్షరాలతో రాయండి. చదువురాని పెద్దవారైతే ఆ డబ్బా వారి చేతికి ఇవ్వవద్దు, ఇంట్లో ఒకరు ఆ బాధ్యత తీసుకోవాలి.

ప్రశ్న: మా అబ్బాయికి స్కిజోఫ్రెనియా. క్లోజపైన్ మొదలుపెట్టాక చాలా మారాడు, నాతో కూర్చుని భోజనం చేస్తున్నాడు. కానీ వారం వారం రక్తం తీయించడానికి బస్సులో తీసుకువెళ్లడం భారంగా ఉంది. రిపోర్టులన్నీ బాగానే వస్తున్నాయి. ఇక పరీక్షలు ఆపేయవచ్చా?
– ఒక తల్లి, చీపురుపల్లి

సమాధానం: అమ్మా, ఆపవద్దు. 1975లో ఫిన్లాండ్‌లో ఈ మందు వాడుకలోకి వచ్చిన కొద్ది నెలల్లోనే పలువురు రోగులు తెల్లకణాలు పడిపోయి, ఇన్‌ఫెక్షన్లతో మరణించారు. దాంతో చాలా దేశాలు దానిని పక్కన పెట్టాయి. ఇతర మందులకు లొంగని స్కిజోఫ్రెనియాకు ఇది బాగా పనిచేస్తుందని రుజువయ్యాక, 1989లో అమెరికా దీనికి అనుమతి ఇచ్చింది, అదీ రక్తపరీక్ష చేయిస్తేనే మందు అన్న నిబంధనతో. ఇవాళ మీ అబ్బాయి చేతికి ఆ మందు అందుతోందంటే ఆ పరీక్షల వల్లనే. ప్రమాదం అత్యధికంగా ఉండేది మొదటి 18 వారాలలో. ఆ తరువాత పరీక్షలను రెండు వారాలకు ఒకసారికి, ఏడాది దాటాక నెలకు ఒకసారికి తగ్గించే పద్ధతి ఉంది. మీ ఊళ్లోనే రక్తం తీసి, రిపోర్టును ఫోనులో డాక్టరుగారికి పంపే ఏర్పాటు కుదురుతుందేమో అడగండి. చాలామంది మానసిక వైద్యులు దానికి ఒప్పుకుంటారు.

జ్వరం రాగానే మాత్ర ఆపమని కార్బిమజోల్‌కు చెప్పిన మాట ఇక్కడ పూర్తిగా వర్తించదు. క్లోజపైన్‌ను మీ అంతట మీరు హఠాత్తుగా ఆపితే జబ్బు తీవ్రంగా తిరగబెట్టవచ్చు. జ్వరం వస్తే అదే రోజు పరీక్ష చేయించి, ఆ లెక్క వినిపించి డాక్టరుగారు చెప్పినట్టు చేయండి.

ప్రశ్న: ఇలాంటి మందులు ఇంకా ఏవేవి ఉన్నాయి?
– ఒక పాఠకుడు, నరసన్నపేట

సమాధానం: చాలానే ఉన్నాయి. పేగుపూతకు, కీళ్లకు ఇచ్చే సల్ఫాసలజైన్, కుష్ఠువ్యాధికి, కొన్ని చర్మవ్యాధులకు ఇచ్చే డాప్సోన్, మూర్ఛకు వాడే కార్బమజెపైన్, పదేపదే రక్తం ఎక్కించుకునే తలసీమియా పిల్లలకు ఇనుము తగ్గించే డెఫెరిప్రోన్, నులిపురుగుల మందు లెవామిసోల్, రక్షణ వ్యవస్థను అణచే అజతయోప్రిన్ వీటిలో ముఖ్యమైనవి. అజతయోప్రిన్ వాడేవారు గౌట్ మందులైన అలోప్యూరినాల్, ఫెబుక్సోస్టాట్ వేసుకుంటే తెల్లకణాలు ప్రమాదకరంగా పడిపోతాయి, కాబట్టి ఒక డాక్టరు రాసిన చీటీని రెండో డాక్టరుకు తప్పక చూపించాలి. క్యాన్సర్ మందుల సంగతి వేరు. వాటితో కణాలు తగ్గడం ముందే ఊహించినదే, వైద్యులు దానికి సిద్ధంగానే ఉంటారు.

నొప్పికి, జ్వరానికి ఒకప్పుడు విస్తారంగా వాడిన అనాల్జిన్‌ను అమెరికా 1977లోనే ఈ కారణంగా తొలగించింది. మన దేశం 2013లో నిలిపివేసి, 2014లో షరతులతో మళ్లీ అనుమతించింది. మామూలు జ్వరానికి అది అవసరం లేదు, పారాసెటమాల్ చాలు. సంతల్లో పేరూ చీటీ లేకుండా అమ్మే కీళ్లనొప్పుల పొడులను మాత్రం నేను గట్టిగా వద్దంటాను. అలాంటి వాటిలో స్టెరాయిడ్లు, పాతకాలపు నొప్పిమందులు కలిపిన ఉదంతాలు బయటపడ్డాయి. ఏం మింగారో తెలియని రోగికి తెల్లకణాలు పడిపోతే, ఏ మందు ఆపాలో వైద్యునికి కూడా తెలియదు.

ఏ మందు వల్ల చెడు ఫలితం వచ్చినా, అలాంటి వాటిని నమోదు చేసే ఫార్మకోవిజిలెన్స్ వారి 1800-180-3024 టోల్‌ఫ్రీ నంబరుకు రోగి గానీ, ఇంట్లోవారు గానీ తెలియజేయవచ్చు. మందు పేరు, మొదలుపెట్టిన తేదీ, లక్షణం కనబడిన తేదీ, రక్తపరీక్ష రిపోర్టు దగ్గర ఉంచుకుని ఫోను చేయండి.