బుజ్జికి, ఆ కుక్కర్ పీకే ముందు

బుజ్జీ,

వంటింట్లో పాత ఎలక్ట్రిక్ కుక్కర్‌ని, అదే, పొయ్యీ ఓవెనూ కలిసుండి గోడలోంచి వైరు వచ్చే ఆ పెద్దదాన్ని, శనివారం నువ్వే పీకేస్తానన్నావట, మీ నాన్న ఫోన్లో చెప్పాడు. మీ నానమ్మేమో ప్రెషర్ కుక్కర్ అనుకుని "దాన్ని పీకేదేముందిరా, పొయ్యి మీంచి దించడమేగా" అంది. నవ్వొచ్చింది, వెంటనే దడ కూడా పుట్టింది. ఇంగ్లండులో, రెడింగ్‌లో ఇల్లు కొని స్క్రూడ్రైవర్ పట్టిన పిల్లని తలుచుకుంటే గర్వంగానే ఉంది. కానీ నేనూ అక్కడే లెస్టర్‌లో 27 ఏళ్ళు ఉన్నవాణ్ణి, వంటింటి గోడ మీద కుక్కర్‌కి కరెంటిచ్చే ఆ ఎర్ర స్విచ్ సంగతి నాకు తెలుసు.

లోపలి ట్రేలు, కమ్మీలు ముందే తీసెయ్. కింద పాత దుప్పటి వేసి అల్లుడూ నువ్వూ కలిసి లాగండి, ఒక్కదానివే లాగావంటే నడుం పట్టేస్తుంది.

1994లో మా అద్దింట్లో ఇదే పని నేనూ చేశాను. ఎర్ర స్విచ్ ఆపేశాను, ఇంకేం కావాలనుకున్నాను. ఫ్యూజ్ బాక్సు మెట్ల కింద అల్మరాలో, సామాన్ల వెనకాల ఉండేది, అవన్నీ తియ్యడానికి బద్ధకం. కుక్కర్ వెనక్కి దూరి, స్క్రూలు తుప్పుపట్టి రావట్లేదని వైరు కోసేద్దామని కటింగ్ ప్లేయర్ తీసుకున్నాను. అంతకు ముందే మీ పెద్దమ్మని టీ పెట్టమన్నాను. ఆ ఎర్ర స్విచ్చూ, కెటిల్ పెట్టుకునే సాకెట్టూ ఒకే పలక మీద ఉంటాయి. తను రోజూ పొద్దున్నే రెండూ కలిపి నొక్కేది. ఆ రోజూ అలవాటుగా నొక్కేసింది, చంకలో మీ అక్క, ఏడు నెలల పిల్ల.

ఢామ్మంది. కళ్ళ ముందు తెల్లటి మెరుపు. పిడికి ప్లాస్టిక్ తొడుగు ఉండబట్టి నాకేం కాలేదు గానీ ప్లేయర్ నోట్లో శనగగింజంత ఇనుము కరిగిపోయింది. ఇప్పటికీ తెనాలిలో ఫ్యాన్ వెయ్యాలన్నా "వెయ్యనా?" అని అడుగుతుంది మీ పెద్దమ్మ. అలా అడిగినప్పుడల్లా నాకు సిగ్గేస్తుంది. టీ అడిగింది నేను కదా!

అందుకే ఫ్యూజ్ బాక్సు దగ్గరే ఎంసీబీ, అంటే ఆ లైనుకి కరెంటు ఆపే చిన్న మీట, దించు. కుక్కర్‌ది 32 యాంప్స్ ఎంసీబీ అయ్యుంటుంది, పెద్దదీ ఉండొచ్చు. పక్కన రాసిన పేరు నమ్మకు, కుక్కర్ లైటు వేసి ఉంచి దించు, ఆరిపోతేనే అది. దాని మీద టేపు అంటించి ఇంట్లో అందరికీ చెప్పు. తర్వాత రెండు పుల్లల టెస్టర్‌తో ముందు కరెంటున్న సాకెట్లో చూడు, ఆ తర్వాత కుక్కర్ వైర్లు కలిసే చోట, టెస్టర్ ఇంకా పనిచేస్తోందో లేదో మళ్ళీ సాకెట్లో. జేబులో పెట్టుకునే నియాన్ టెస్టర్ వద్దేవద్దు, దాన్ని నమ్మినవాళ్ళని చూశాను.

వైరు కొయ్యకు, స్క్రూలు విప్పు. అక్కడ నీలం న్యూట్రల్, గోధుమరంగు లైవ్, అంటే మన ఫేజ్. 2004కి ముందు వేసిన గోడ వైరైతే ఎరుపు లైవ్, నలుపు న్యూట్రల్. మన దగ్గర నీలం కూడా ఫేజే కాబట్టి, ఇక్కడి అలవాటుతో రంగుల లెక్క కట్టకు. విప్పాక గోడ పలక మూత బిగించకుండా ఎంసీబీ ఎత్తకు, బాబు వేళ్ళు ఎక్కడెక్కడికి పోతాయో నీకు నేను చెప్పాలా? వైరు తొడుగు నల్లగా కాలి కనిపిస్తే అక్కడే ఆపి ఎలక్ట్రీషియన్‌ని పిలువు. కొత్త కుక్కర్ కనెక్షన్ ఎలాగూ అతనికే వదిలెయ్, అందులో నామోషీ ఏం లేదు.

శనివారం ఎంసీబీ దించగానే ఓ ఫోటో పంపు, పనంతా అయ్యాక కాదు, దించగానే. మీ పెద్దమ్మ అడుగుతోంది. ఆ గంటసేపు ఇంట్లో ఎవ్వరూ టీ అడగొద్దు.

మీ పెద్దనాన్న