కబడ్డీయా, పరుగా? ఎరిక్ లిడెల్ అయితే రగ్బీ, పరుగు రెండింట్లోనూ దిగాడు

ప్రశ్న: నమస్తే సార్. మా అబ్బాయి ఇంటర్ మొదటి సంవత్సరం. సాయంత్రమైతే కబడ్డీ కోర్టులోనో, స్టేడియంలో పరుగు ప్రాక్టీసులోనో ఉంటాడు. రెండింట్లోనూ జిల్లా స్థాయి దాకా వెళ్లాడు. కబడ్డీ మాస్టారు పరుగు మానేయమంటారు, పరుగు నేర్పే సారేమో కబడ్డీ ఆడితే మోకాలు పోతుందంటారు. మధ్యలో వీడు నలిగిపోతున్నాడు. దానికి తోడు వచ్చే నెల సెలక్షన్స్ ఆదివారం పెట్టారు. మేం ఆదివారం చర్చి మానం. మా పాస్టర్ గారు ఎరిక్ లిడెల్ గురించి చెప్పారు, ఆదివారమని ఒలింపిక్స్‌లో రేసే వదులుకున్నాడట. ఆయన రగ్బీ కూడా ఆడేవాడని విన్నాను. రెండూ ఎలా ఆడాడు? ఒకటి ఎప్పుడు వదిలేశాడు?
- ఒక తల్లి, బ్రాడీపేట, గుంటూరు

జవాబు: సరదాకి ఆడటం కాదమ్మా, స్కాట్లాండ్ జాతీయ జట్టుకే ఆడాడు. ఒలింపిక్ బంగారు పతకం ముందు ఆ సంగతి మరుగున పడిపోయింది గానీ, ఆయన మొదట దేశం తరఫున దిగింది రగ్బీలోనే. మీవాడికి పనికొచ్చే భాగం కూడా అదే అని నాకు గట్టిగా అనిపిస్తుంది, అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

లిడెల్ 1902లో చైనాలోని టియాంజిన్‌లో పుట్టాడు, తల్లిదండ్రులు స్కాట్లాండ్ మిషనరీలు. చిన్నప్పుడే ఇంగ్లండ్‌లో హాస్టల్ చదువు, 1920లో ఎడిన్‌బరో యూనివర్సిటీలో సైన్సు డిగ్రీకి చేరాడు. అక్కడ పరుగూ రగ్బీ రెండూ పట్టుకున్నాడు. రగ్బీలో జట్టుకి 15 మంది. బంతిని చేత్తో ముందుకు విసరకూడదు, పక్కకో వెనక్కో అందించాలి. కాబట్టి ముందుకు పోవాలంటే బంతిని చంకలో పెట్టుకుని మనిషే పరిగెత్తాలి, లేదా కాలితో తన్నాలి. అవతలివాళ్లు నడుం పట్టుకుని పడేస్తుంటే తప్పించుకుని, వాళ్ల గీత దాటి బంతిని నేలకి తాకిస్తే దాన్ని ట్రై అంటారు. మైదానం అంచున ఉండే వింగర్ పని అదే, లిడెల్ వింగర్. మీవాడు రెయిడ్‌కి వెళ్లి చేతులు తప్పించుకుని గీతకి తిరిగొస్తాడు కదా, ఆ తెలివి దీనికీ కావాలి, కాకపోతే ఇక్కడ పరుగు దూరం ఎక్కువ.

1922 జనవరి 2న ఫ్రాన్స్ మీద మొదటి అంతర్జాతీయ మ్యాచ్. అప్పటికి ఆయనకి ఇరవై నిండటానికి ఇంకా రెండు వారాలుంది. పారిస్ పక్కన కొలాంబ్ మైదానంలో ఆ మ్యాచ్ 3-3తో డ్రా అయింది. రెండున్నరేళ్ల తర్వాత 400 మీటర్ల బంగారు పతకం గెలిచింది కూడా ఆ కొలాంబ్‌లోనే! 1923లో అయితే ఫ్రాన్స్, వేల్స్, ఐర్లండ్ మూడింటి మీదా ట్రైలు కొట్టాడు. కార్డిఫ్‌లో వేల్స్‌ని 11-8తో ఓడించారు, అక్కడ స్కాట్లాండ్ గెలవడం 1890 తర్వాత అదే మొదటిసారి. లిడెల్ పక్కనే ఆడిన గ్రేసీ చివర్లో కొట్టిన ట్రైతో ఆ మ్యాచ్ తేలింది. మార్చిలో ఇంగ్లండ్ మీద మాత్రం 6-8తో ఓడిపోయారు, అదే ఆయన ఆఖరి అంతర్జాతీయ రగ్బీ మ్యాచ్.

ఇప్పుడు మీ అసలు ప్రశ్నకి వస్తాను. రెండూ ఎలా కుదిరాయంటే, అక్కడ రగ్బీ చలికాలం ఆట, పరుగు పందేలు వేసవిలో. మార్చి దాకా ఒకటి, ఆ తర్వాత ఇంకొకటి. ఒకే రోజు సాయంత్రం ఇద్దరు కోచ్‌ల దగ్గరికి పరిగెత్తాల్సిన పని ఆయనకి లేదు. మీవాడి ఇబ్బంది రెండు ఆటలు ఆడటం వల్ల వచ్చింది కాదు, రెండూ ఒకే సాయంత్రంలో ఇరికించడం వల్ల వచ్చింది. అలసిన కాళ్లతో కబడ్డీ కోర్టులోకి దిగితే మోకాలికి, తొడ వెనక కండరానికి దెబ్బ తగలడానికి ఎంతోసేపు పట్టదు, ఆ విషయంలో పరుగు సారు భయం న్యాయమైనదే. అందుకని మీరో, వాళ్ల నాన్నో వెళ్లి ఇద్దరు మాస్టార్లనీ ఒకచోట కూర్చోబెట్టండి. ఈ ఏడాది పోటీల తేదీలు ముందు పెట్టుకుని ఏ నెలలు దేనికో పంచండి, రెండోది ఆ నెలల్లో వారానికోసారి చాలు. ఇంజినీరింగ్ సీటుకి స్పోర్ట్స్ కోటా మీద ఆశ ఉంటే ఏ పోటీల సర్టిఫికెట్లు చెల్లుతాయో కూడా ఇప్పుడే కనుక్కోండి.

లిడెల్ రగ్బీ వదిలింది 1923లో, ఇరవై ఒకటో ఏట. ఆ జులైలో బ్రిటన్ ఛాంపియన్‌షిప్‌లో 100 గజాలు 9.7 సెకన్లలో పరిగెత్తాడు, మరుసటి ఏడాది ఒలింపిక్స్, ఇక దేని మీద నిలబడాలో ఆయనకే తెలిసిపోయింది. అదే నెల స్టోక్‌లో 440 గజాల రేసు మొదట్లోనే పక్కవాడు తగిలి గడ్డి మీద పడిపోయాడు. లేచేసరికి మిగతావాళ్లు 20 గజాల ముందున్నారు. అయినా అందరినీ దాటి గెలిచి, గీత దాటాక కుప్పకూలాడు. పడ్డ మరుక్షణం లేచి ఉరకడం రగ్బీ వల్ల వచ్చిన అలవాటేనని నేను నమ్ముతాను. మీవాడికి పదహారో పదిహేడో ఉంటాయి. ఇప్పుడే ఒకటి తెంచేయకండి.

ఆదివారం సంగతి. 100 మీటర్ల హీట్స్, అంటే తొలి వడపోత రేసులు, ఆదివారమని లిడెల్‌కి నెలల ముందే తెలుసు. పెద్దలు ఎంత నచ్చజెప్పినా వినలేదు, అప్పటినుంచే 400 మీటర్లకి సిద్ధమయ్యాడు. అప్పట్లో స్టార్టింగ్ బ్లాకులు కూడా లేవు, చిన్న తాపీతో ట్రాక్ మీద కాలి గుంటలు తవ్వుకునేవారు. అలా దిగి 1924 జులై 11న 47.6 సెకన్లతో గెలిచాడు, 200లో కాంస్యం. అది ఆయన సొంత నిర్ణయం, ఎవరూ ఇంట్లో కూర్చోబెట్టింది కాదు. తర్వాత మిషనరీగా చైనా వెళ్లి, జపాన్ వాళ్ల నిర్బంధ శిబిరంలో చిక్కుకున్నాక, ఆదివారం పిల్లలు హాకీ ఆడుతూ కొట్టుకుంటుంటే తానే రిఫరీగా దిగాడు. ఇది కూడా మీ అబ్బాయికి చెప్పండి. సెలక్షన్స్ వాళ్లని ఇప్పుడే అడిగి చూడండి, మీవాడి వంతు మధ్యాహ్నం పెడతారేమో. కుదరకపోతే వాడినే ఆలోచించుకోనివ్వండి, శనివారం రాత్రి దాకా లాగితే ఇంట్లో అందరికీ టెన్షనే.

ప్రశ్న: లిడెల్ దేశానికి ఆడింది ఏడే ఏడు మ్యాచ్‌లని చదివాను. దాన్ని రగ్బీ కెరీర్ అనొచ్చా?
- ఒక పాఠకుడు, విజయవాడ

జవాబు: నిస్సందేహంగా. అప్పట్లో స్కాట్లాండ్‌కి ఏడాదికి నాలుగే పెద్ద మ్యాచ్‌లు, ఫ్రాన్స్, వేల్స్, ఐర్లండ్, ఇంగ్లండ్‌లతో. ప్రపంచకప్ 1987లో గానీ మొదలవలేదు, డబ్బు తీసుకుని ఆడటానికి అనుమతి 1995లో వచ్చింది. ఇప్పుడు స్కాట్లాండ్‌కి వందకు పైగా మ్యాచ్‌లు ఆడినవాళ్లున్నారు, కానీ వాళ్లకి అది ఉద్యోగం. లిడెల్ రెండేళ్లలో ఉన్న ఎనిమిదిలో ఏడు ఆడాడు, 1922 ఇంగ్లండ్ మ్యాచ్ ఒక్కటే లేడు. ఏడింట్లో నాలుగు గెలుపులు, రెండు డ్రాలు, ఒక్క ఓటమి, నాలుగు ట్రైలు. డిగ్రీ చదువుకుంటూ, వేసవంతా ట్రాక్ మీద ఉంటూ చేసిన పని ఇది.